కాగితం జారిపోలేదు

మంగళవారం, రాత్రి.

ఆస్పత్రి నుంచి మా ఊరు గరాచర్మ వచ్చే బస్సులో వస్తుంటే ఏడుపొచ్చేసింది. ఇన్నాళ్ళ భయం ఒక్కసారిగా దిగిపోయినట్టుంది.

కొన్ని నెలల కిందట పనసచెట్టు మీద కాలు జారి, మా ఆయన కుడిచేత్తో కొమ్మ పట్టుకుని వేలాడారు. కింద పడలేదు కదా అని దేవునికి స్తోత్రం చెప్పుకున్నాం. మర్నాటికి ఉంగరపు వేలు, చిటికెన వేలు మొద్దుబారాయి. కత్తెర పట్టు తప్పింది. టైలరుకి కుడిచెయ్యి పోతే ఇంకేం మిగులుతుంది? పక్షవాతమేమోనని లోలోపలే భయపడ్డాను.

"చేతికి దెబ్బే తగల్లేదు కదమ్మా?" అని ఈరోజు డాక్టరమ్మను మళ్ళీ అడిగాను.

"దెబ్బ మెడ దగ్గర, దీదీ. చెయ్యి పైకి గుంజుకుపోయింది కదా, మెడ కింది నరాలు సాగిపోయాయి. వేళ్ళకి పోయేవి అవే. టెస్టులో చూశాం, తెగలేదు. టైం పడతాది, బస్, అంతే."

తర్వాత ఆయన వేళ్ళ మధ్య కాగితం పెట్టి లాగింది. పోయినసారి ఇట్టే ఊడొచ్చింది. ఈసారి జారకుండా ఆగింది.

"చూసేవా మేరీ, పట్టుకున్నాను!" అన్నారు ఆయన నావైపు తిరిగి.

అరచేతిలో కండ ఇంకా లోపలికి పోయే ఉంది. అది మళ్ళీ నిండుతుందా అని అడగడానికి నాకు ధైర్యం చాల్లేదు.

ఇన్నాళ్ళూ ఎడమచేత్తో చెంచా పట్టుకుని తిన్న మనిషి, ఈ రాత్రి కుడిచేత్తో అన్నం కలుపుకున్నారు. సగం మెతుకులు కంచం బయటే పడ్డాయి. నేను చెంచా అందించలేదు.