మునెమ్మ అని పిలిచేవాళ్లు

మంగళవారం, రాత్రి

ఈ రోజు ఆసుపత్రిలో నర్సు "మునెమ్మా, మునెమ్మా" అని మూడుసార్లు పిలిచింది. నేను పలకలేదు. పక్కన కూర్చున్న అత్తమ్మ "నేనేనమ్మా" అని లేచింది. "ఐదో నెల నీకా అవ్వా?" అని నర్సు అడిగేసరికి అందరూ నవ్వారు. ఆ పేరు నాదేనని అప్పుడు గుర్తొచ్చింది.

అత్తమ్మ పేరూ అదే కాబట్టి పెళ్లయినప్పటి నుంచి ఈ ఇంట్లో నన్ను రూప అంటున్నారు. నవ్వులు ఆగినా నా గుబులు ఆగలేదు. నాకు ముందు పుట్టిన ఇద్దరూ పోతే, అమ్మ మునీశ్వరుడికి మొక్కుకుని నాకీ పేరు పెట్టింది. ఆ పేరుతో పిలుస్తూ ఉంటేనే బిడ్డ నిలుస్తుందని మా పుట్టింటి ఊరు కామసముద్రంలో మావాళ్లు అనేవారు. పెళ్లయి వచ్చిన ఈ మూడేళ్లుగా ఇక్కడ నన్నెవరూ అలా పిలవలేదు. ఇప్పుడు కడుపులో ఇంకో ప్రాణం ఉంది.

ఇంటికొచ్చాక ధైర్యం చేసి ఆ భయం అత్తమ్మతో చెప్పాను. రాగులు చెరుగుతున్న చాట పక్కన పెట్టింది.

"నాకూ అట్లనే మొక్కి పెట్టినారు కదే. మాయమ్మ పోయినంక నన్ను మాత్రం ఎవురు పిలుస్తా ఉండారు?" అంది. చాట మళ్లీ చేతిలోకి తీసుకుంటూ, "ఇంగ నేను పిలుస్తాలే. మునెమ్మా, లేసి అన్నం తినుపో" అంది.

తిన్నాను. నిద్ర మాత్రం రావడం లేదు. నన్ను పిలవడానికి ఆమె ఉంది. ఆమెను పేరు పెట్టి పిలిచే పెద్దవాళ్లు ఈ ఇంట్లో ఎవరూ మిగలలేదు. నేను పిలుద్దామంటే, కోడలిని...