ముప్పావు వంతు

అమ్మా, ఊళ్ళో వరినాట్లు మొదలయ్యాయి. నువ్వు లేని మొదటి ఉభాలివి.

ఈరోజు నా ఏడో తరగతి పిల్లలకు లెక్క చెప్పాను. ముగ్గురు మగవాళ్ళు ఒక రోజులో వేసే వరినాట్లకు నలుగురు ఆడవాళ్ళు కావాలట. వెనక బెంచీ పిల్ల లేచింది.

"టీచర్, మగోలు ఉభాలెక్కడేత్తారండి? గట్టుమీద కూకుంటారు గానీ!"

క్లాసంతా నవ్వింది. నాకు ఒళ్ళు మండింది. ఆ లెక్క రాసినవాడు ఒక్కపూటైనా నీ పక్కన నడుం వంచాడా?

ఇంటికొచ్చి నీ పెట్టె తీస్తే, చీరల అడుగున నేను ఏడో తరగతి చదివినప్పటి నోట్సు. అందులోనూ అదే లెక్క. ఆడమనిషి పని మగవాడి పనిలో ముప్పావు వంతని నేనే రాశాను. పక్కన ఎర్ర సిరాతో 'గుడ్'. ఆ రోజు మడిలోంచి వచ్చిన నువ్వు, బురద అంటుతుందని దూరం నుంచే చూసి మురిసిపోయావు.

చదువు రాకపోతేనేం, "అందులో ఏటి రాసినావే?" అని ఒక్కసారి అడగొద్దా?