రెండు మర్రిచెట్ల మధ్య

అబుదాబి

జయశీల అక్కకు,

వందనాలు రాయడానికి ఈసారి చెయ్యి రావడం లేదు.

సెలవు దొరికి, ఇండోనేషియా వెళ్ళి, జావా దీవిలో యోగ్యకర్త నగరం చూపించే ఒక్కరోజు టూరు ఎక్కాను. సాయంత్రం గైడు మా కళ్ళకు గంతలు కట్టి, కోట వెనక మైదానంలో రెండు మర్రిచెట్ల మధ్య నుంచి నడవమన్నాడు. మనసులో కల్మషం లేనివాళ్ళే నేరుగా వెళ్తారట. నేను వెళ్ళాను.

అబుదాబి నర్సునని చెప్పగానే, "క్రిస్మస్‌కి మీ ఊరి నర్సు ఒకామె వచ్చింది మేడమ్, చెట్టుకి గుద్దుకుంది" అంటూ ఫోనులో ఫొటో చూపించాడు. నుదుటి మీద బొప్పితో నవ్వుతూ నువ్వు.

మీ అమ్మకి ఆపరేషను, ఇంటికి వెళ్ళాలన్నావని ఆ క్రిస్మస్ సెలవు వదులుకుని నీ డ్యూటీలు నేను చేశాను. తిరిగొచ్చాక శుక్రవారం ప్రార్థన కూటంలో లేచి, అమ్మ నడుస్తోందని సాక్ష్యం చెప్పావు. అందరికంటే ముందు ఆమేన్ అన్నది నేనే.

ఇప్పుడు గంతలు కడితే నేనూ చెట్టుకే గుద్దుకుంటానక్కా.

నీ చెల్లి