నగరికి దుబాసీ కావాలి

మునిరత్నం,

నువ్వు పోయి నేటికి ఏడాది. నువ్వు చదవవని తెలిసే రాస్తున్నాను. ఎవరినో ఒకరిని తిట్టకపోతే ఇవాళ నాకు అన్నం దిగదు.

నూలు కరువు విచారించడానికి దొర నగరికి వచ్చాడు. నీ స్థానంలో చిత్తూరు నుంచి వచ్చిన కొత్తాయనను ఎవరో దుబాసీ అని పిలిస్తే ముఖం మాడ్చుకున్నాడు. అది బజారు మాటట, తాను అనువాదకుడట. రెండు భాషల నడుమ నిలబడి ఒకరి గొంతు ఇంకొకరికి చేర్చేవాణ్ణి మన జనం తరతరాలుగా దుబాసీ అంటున్నారు. ఆ పని చేతకానివాడికే పేరు మీద ఇంత పట్టింపు.

దూరపు పల్లెలో మగ్గం నేసే మంగమ్మ దొరతో చెప్పింది: "నూలు లేక మగ్గం గుంతలో కోళ్లు పొదుగుతాండాయి సామీ. పిలకాయలకి గంజి కూడా లేదు."

ఈ పెద్దమనిషి ఇంగ్లీషులో, "ప్రభువుల దయ కోరుతున్నారు" అని ఊరుకున్నాడు. నువ్వైతే ఆ కోళ్లను కూడా దొర ముందుకు తోలేవాడివి. చెప్పింది అది కాదని నేను లేచి అరిస్తే బంట్రోతు నన్ను బయటికి నెట్టాడు. దొర తలాడించి, తర్వాత చూద్దామని కారెక్కాడు. నూలు మాట అక్కడితో సరి.

మంగమ్మ నా దగ్గరికి వచ్చింది.

"మా కోళ్ల సంగతి చెప్పినాడా అన్నా?"

"లేదమ్మా."

"అనువాదకుడంటే ఇంతేనా? మాకు దుబాసీనే కావాల. ఆ మునిరత్నమప్పని పిలిపీ."

నువ్వు లేవని చెప్పాల్సి వచ్చింది. ఆ మాట నాకు తెలుగులో కూడా సరిగా రాలేదు.