తువ్వాల కింద బేరం

ఏప్రిల్ 9
ఏసీ ఫిట్టింగ్ పని ముగించుకుని, ఫోనుతో తీస్తున్న నా చిన్న సినిమా షూట్‌కి మళ్లీ వెళ్లాను. దిల్‌సుఖ్‌నగర్ బస్టాప్, పూలమ్మే కిష్టమ్మ, కోచింగ్ పిల్లల గుంపు, మెట్రో నీడలో ఆటోవాడి నిద్ర. మాటల్లేవు, మ్యూజిక్ లేదు. ఎడిటింగ్ చేసే వంశీకృష్ణ చూసి, బాగానే ఉంది గానీ స్టోరీ ఏదండీ అన్నాడు. స్టోరీ కావాలంటే సీరియల్ చూసుకోమన్నాను.

ఏప్రిల్ 12
కొత్తపేట పండ్ల మార్కెట్ బాటసింగారానికి తరలిపోయి ఏళ్లయింది. అయినా మామిడి సీజన్ వస్తే నా ముక్కు ఇక్కడే వెతుక్కుంటుంది. చిన్నప్పుడు ఆ మార్కెట్‌లో కాయ అమ్మే గోపయ్య మామ నన్ను ఖాళీ డబ్బాల మీద కూర్చోబెట్టి బేరాలు చేసేవాడు. కొనేవాడి చేయి, మామ చేయి ఒకే తువ్వాల కింద. వేళ్లు నొక్కి ధర చెప్పుకోవడమే, పక్కవాడికి తెలియకుండా. నాకూ నేర్పు మామా అంటే, అమ్మనీకి నీ దగ్గర కాయ ఉన్ననాడు నేర్పుతలే అనేవాడు.
సినిమాకి ఆఖరి షాట్ దొరికింది, ఆ తువ్వాల బేరమే.

ఏప్రిల్ 15, సాయంత్రం
సత్యనాశ్, షాటంతా పాడైంది. మామ, ఒకప్పుడు ఆయన దగ్గర కాయ కొన్న బాపిరాజు గారు, నేను అడిగితే పాత మార్కెట్ గేటు దగ్గర కూర్చున్నారు. తువ్వాల కప్పి మొదలుపెట్టారు. కెమెరాలో గుడ్డ తప్ప ఏమీ కనబడదు. ఫోను లోపల పెడతా, లైటేస్తా అన్నాను. మామ చేయి లాక్కున్నాడు. నలుగురికి చూపెట్టేదైతే గుడ్డెందుకురా, మార్కెట్ పాయె, కాయ పాయె, గిదొక్కటి మిగిలింది, గిది గూడ ఫోన్ల పెడ్తవా అన్నాడు. పోనీలేవయ్యా, కుర్రాడు అని బాపిరాజు గారంటున్నా ఆగలేదు.
దాచుకుని ఏం చేస్తాడట? ఆ విద్య ఆయనతో పాటే పోదా?

ఏప్రిల్ 16
మామ ఫోనెత్తలేదు.

ఏప్రిల్ 19
ఆ తువ్వాల షాట్ తీసేద్దాం, ఊరికే గుడ్డ కదిలితే జనం లేచి వెళ్లిపోతారండీ అన్నాడు వంశీ. మళ్లీ చూశాను. గుడ్డ కింద వేళ్లు కదులుతాయి, ఆగుతాయి. బాపిరాజు గారి కనుబొమ్మ లేస్తుంది. మామ నవ్వు ఆపుకుంటాడు. డబ్బాల మీద కూర్చుని నేను చూసిన నవ్వు అదే.
ఆ షాట్ ముట్టుకుంటే నీ లాప్‌టాప్ మెట్ల మీద నుంచి పడుతుందని చెప్పాను. గుడ్డ గుడ్డలాగే ఉంటుంది.

ఏప్రిల్ 26
ఎల్బీనగర్‌లో మామ ఇంటికెళ్లి ఫోనులో సినిమా పెట్టాను. చివరిదాకా చూశాడు. భుజం మీది తువ్వాల తీసి నా చేతి మీద కప్పాడు.
వేళ్లు పట్టుకుని, నొక్కి ధర చెప్పాడు.
ధర ఇక్కడ రాయను.