రాజుగారి కనుబొమలు

బావగారికి నమస్కారాలు.

నేను బాగానే ఉన్నాను. నా బొమ్మలే బాగాలేవు. పిల్లల పత్రికకు వేసిన క్రూరుడైన రాజు బొమ్మను ఎడిటర్ తిప్పి పంపాడు. "గురువుగారూ, ఈయన జనాన్ని హింసించేలా లేడు, పంటినొప్పికి సెలవడిగేలా ఉన్నాడు" అన్నాడు. నిజమే. అద్దంలో నా ముఖం చూసుకుని వేశాను.

ఇన్నేళ్లూ పిల్లలు జడుసుకున్న ఆ కనుబొమలు మీ చెల్లెలివి. రాజు అవసరమైనప్పుడల్లా తడి తువ్వాలు మంచం మీద పడేసేవాణ్ణి. "అసలు మీరు మనిషేనా?" అంటూ ఆమె చూసే చూపును గబగబా గీసుకునేవాణ్ణి. తెలిసిపోయాక, "ఈసారి కిరీటమైనా కాస్త మంచిది పెట్టండి" అనేది. ఆమె పోయాక వేసిన మొదటి రాజు ఇతనే.

ఇంట్లో ఉన్న ఫోటోలన్నింటిలో ఆమె నవ్వుతోంది. ఫోటోగ్రాఫర్లు నవ్వమన్నారు కనుక నవ్వింది. మీ అబ్బాయి పెళ్లికి నేను రెండు కాళ్లకు రెండు రకాల చెప్పులు వేసుకొచ్చాను కదా. అప్పుడు ఆమె నన్ను చూస్తుండగా ఎవరో తీసిన ఫోటో మీ ఆల్బమ్‌లో ఉంది. దయచేసి పంపండి. పక్కన బిక్కమొహంతో ఉన్న నన్ను కత్తిరించకండి.

పత్రికవాళ్లు రాజును ఇంకెవరిచేతైనా వేయించుకుంటారు. నన్ను కోప్పడే ముఖం మాత్రం ఇంట్లో ఒక్కటైనా ఉండాలి.

మీ బావ