పెద్దల వార్డుకు తగిన మాటలు

జనవరి 3

దుమ్ముగాలి మొదలైంది. ఇబాదాన్ ఊరంతా బూడిద చల్లినట్టుంది. పెదవులు పగిలి నెత్తురు వస్తోంది. అక్క కూతురు టివలాదేకు ఈ చలి అస్సలు పడదు. దానిది సికిల్ సెల్ రక్తం. చలి తగిలితే చాలు, ఎముకల్లో నొప్పి పట్టేస్తుంది. రెండు స్వెటర్లు తొడిగించి, గంట గంటకూ గోరువెచ్చని నీళ్ళు తాగిస్తున్నాం. తిట్టుకుంటూ తాగుతోంది.

పదకొండో తారీఖున దానికి పద్దెనిమిది నిండుతాయి. అక్క ఈ పుట్టినరోజు వీధంతా చూసేలా చేస్తానంటోంది. టివలాదే ఇంకా చంకలో ఉన్నప్పుడే ఒక డాక్టరు అక్క ముఖం మీదే చెప్పాడట, ఈ పిల్ల పెద్దయ్యేదాకా బతకదమ్మా, ఇంకొకరిని కనుక్కో అని. ఆయన బతికుంటే ఆయనకూ జొలోఫ్ అన్నం పార్సిల్ పంపుతుందట.

నా వంతు పుట్టినరోజు మెసేజీలు. ఇంకెవరి వంతు అవుతుంది? మొకోలాలో నా ప్రింటింగ్ షాపుకు జనం వచ్చేదే అందుకు. "మోరోలాకే ఆంటీ, ఫోటో మేమిస్తాం, మాటలు నువ్వు పెట్టు. చదివితే ఏడుపు రావాలి" అంటారు. పద్దెనిమిదికైతే ఆలోచించే పనే లేదు. రెక్కలు, ఆకాశం, ముందున్న దారి. చెయ్యి దానంతటదే టైప్ చేసుకుపోతుంది.

జనవరి 5

చుట్టాలందరి దగ్గరా మెసేజీలు వసూలు చేశాను. అబూజా మామయ్య రెండు పేజీలు పంపాడు. పాస్టర్‌గారు ప్రార్థన పంపారు. చర్చి ఆడవాళ్ళు వాయిస్ నోట్లు పంపారు. అన్నీ కలిపి పెద్ద ఫ్లెక్స్ వేద్దామని.

టివలాదే నా భుజం మీంచి చదివింది.

"పిన్నీ, వీళ్ళలో ఒక్కళ్ళయినా నన్ను చూశారా? అందరూ వారియర్, వారియర్ అంటున్నారు. నేనెవర్ని కొట్టాను?"

"మరి ఏం రాయమంటావే?"

"స్నానం చేస్తూ గొంతు చించుకుని పాడుతుంది అని రాయి. లెక్కలు రావు అని రాయి. పక్కింటి వాళ్ళ పిల్లిని దొంగిలించింది అని రాయి."

పిల్లి సంగతి నాకిప్పటిదాకా తెలియదు. నవ్వీ నవ్వీ ఇద్దరికీ దగ్గొచ్చింది. అక్క లోపల్నుంచి వచ్చి, శుభమా అని పుట్టినరోజు చేసుకుంటుంటే ఈ వెకిలి మాటలేమిటని కసిరింది. పిల్లి మాట ఒక్కటే రాశాను, మిగతావి రాయలేదు నేను. అబూజా మామయ్యవి రెండు పేజీలూ వేశాను.

జనవరి 9

మోకాలు లాగుతోందంది. తర్వాత ఏం లేదంది.

జనవరి 11, మధ్యాహ్నం

ఆసుపత్రి వరండాలో కూర్చుని రాస్తున్నాను. రాయకపోతే ఎవరినైనా కొడతాను.

తెల్లారకముందే మొదలైంది. మోకాళ్ళు, తర్వాత నడుము, తర్వాత ఛాతీ. పక్క మీద పాములా మెలికలు తిరిగిపోయింది. టాక్సీలో వేసుకుని ఎప్పటిలాగే పిల్లల వార్డుకు తెచ్చాం. దానికి నాలుగేళ్ళప్పటి నుంచీ అదే వార్డు. మేట్రన్ ఓగుంబియి తలుపు దగ్గరికి వచ్చింది. పిల్ల తల నిమిరింది. నిమురుతూనే తలుపుకు అడ్డంగా నిలబడింది.

"నా చేతుల్లో లేదమ్మా. ఇవాళ్టితో పద్దెనిమిది కదా. నిన్న వచ్చుంటే మంచం ఇచ్చేదాన్ని."

పెద్దల ఎమర్జెన్సీ ఆ చివరన ఉంది. వీల్‌చైర్ లేదు. అక్కా నేనూ మోసుకుపోయాం. అక్కడ నర్సుకు టివలాదే నొప్పి తగ్గించే ఇంజెక్షన్ పేరు చెప్పింది, ఎంత ఇవ్వాలో కూడా చెప్పింది. మేట్రనే నేర్పింది దానికి, నీ మందు నీకు తెలిసుండాలి తల్లీ అని. నర్సు పెన్ను పక్కన పెట్టింది.

"పేరు తెలుసు, డోసూ తెలుసు. ఎన్నాళ్ళ నుంచి ఈ మత్తుమందు అలవాటు?"

టివలాదే కేకలు పెట్టింది. అమ్మా అని, దేవుడా అని, చివరికి మేట్రన్ పేరు పెట్టి.

"అరవకు. నువ్వేం చంటిపిల్లవి కాదు ఇక్కడ. కాస్త హుందాగా ఉండు" అంది నర్సు.

నేను గొడవపడ్డాను. నన్ను బయట కూర్చోమన్నారు. పారాసెటమాల్ ఇచ్చారట.

దాని ఫోన్ నా ఒళ్ళో ఉంది. మెసేజీలతో మోగుతూనే ఉంది. నీ బలం నీ లోపలే ఉంది. లే, ప్రకాశించు. ఈ రోజు నుంచి ప్రపంచం నీది. గోడకవతల అది అరుస్తోంది. వాటిలో సగం మాటలు నేను ఎవరెవరికో రాసిచ్చినవే.

ఫోన్ ఆపేశాను.

జనవరి 12

పొద్దున రౌండ్స్‌కు వచ్చిన డాక్టరు చూసి, ఇంజెక్షన్ వెంటనే ఇమ్మన్నాడు. ఇచ్చారు. నిద్రపోయింది. కింది పెదవి కొరికేసుకుంది, మూడు చోట్ల.

జనవరి 13

పక్క మంచం మీద బుకున్మీ అని ఒకావిడ ఉంది. బ్యాంకులో ఆఫీసరు. ఆవిడదీ అదే రక్తం. ముప్పై దాటాయి. మొన్నంతా కళ్ళు మూసుకుని విన్నదట. ఇవాళ అక్క కాంటీన్‌కు వెళ్ళినప్పుడు టివలాదే వైపు తిరిగింది.

"చెల్లీ, చెప్తా విను. మళ్ళీ వచ్చేటప్పుడు జడలు నున్నగా అల్లించుకుని రా. ఇస్త్రీ బట్టలు కట్టుకో. ఇంగ్లీషులో మాట్లాడు, మెల్లిగా. మందు పేరు చచ్చినా నీ నోట రాకూడదు. మీకేది మంచిదనిపిస్తే అది ఇవ్వండి మేడమ్ అను. అరవకు. అలాగని నవ్వకు కూడా, నవ్వితే నొప్పి లేదంటారు. ఫోన్ ముట్టుకోకు."

"మరీ ఓర్చుకోలేనంత వస్తే?"

"దుప్పటి ఉంది కదా. నోట్లో కుక్కుకో."

నాకు ఆవిడ నోరు మూయించాలనిపించింది. మూయించలేదు. టివలాదే ఆవిడ చెప్పిన ప్రతి మాటకూ తలూపుతోంది. లెక్కల క్లాసులో ఏనాడూ అంత శ్రద్ధగా విన్న పిల్ల కాదు.

సాయంత్రం బుకున్మీని డిశ్చార్జ్ చేశారు. లిప్‌స్టిక్ వేసుకుని, నర్సులకు థాంక్స్ చెప్పి, నిటారుగా నడిచి వెళ్ళింది. నేను నీళ్ళ కోసం వెళ్తే మెట్ల మలుపులో గోడకు నుదురు ఆనించి నిలబడి ఉంది. నన్ను చూసి చప్పున సర్దుకుంది. ఎవరికీ చెప్పొద్దన్నట్టు చూసింది.

జనవరి 17

ఇంటికి తెచ్చాం. షాపు తెరిచాను. ఒకాయన కొడుకు పద్దెనిమిదో పుట్టినరోజుకు మాటలు కావాలన్నాడు. కాసేపు తెల్ల స్క్రీన్ చూస్తూ కూర్చున్నాను. చివరికి రెక్కలూ ఆకాశమూ ఇచ్చాను. ఆయన అక్కడే చదువుకుని కళ్ళు తుడుచుకున్నాడు.

ఫిబ్రవరి 2

మళ్ళీ వచ్చింది. నడుములో.

టాక్సీ పిలిచి వచ్చేసరికి టివలాదే అద్దం ముందు ఉంది. చర్చికి వేసుకునే జాకెట్టు గుండీలు పెట్టుకుంటోంది. సాయం చేయబోతే వద్దంది. దారంతా నా కొంగు కొరుకుతూనే ఉంది, ఒక్క శబ్దం లేదు. ఎమర్జెన్సీ గుమ్మంలో కొంగు వదిలేసి, ముఖం తుడుచుకుని, తన కాళ్ళ మీద తనే లోపలికి నడిచింది. గుడ్ మార్నింగ్ మేడమ్ అంది. నొప్పి ఎక్కడో చెప్పింది. మీకేది మంచిదనిపిస్తే అదే అంది.

ఇంజెక్షన్ అరగంటలో పడింది. అదే నర్సు.

"ఇప్పుడు చూడు, పెద్దపిల్లలా ఎంత పద్ధతిగా ఉన్నావో" అని బుగ్గ తట్టింది.

అక్క మురిసిపోయింది. చూశావా మోరోలాకే, ఎంత ఎదిగిందో అని ఇంటికొచ్చాక కూడా నలుగురికి ఫోన్ చేసి చెప్పింది. నాకు అన్నం సయించలేదు. అది ఏడిస్తే బావుండునని ఇంతకు ముందు ఎప్పుడూ కోరుకోలేదు.

ఫిబ్రవరి 10

పొద్దున టివలాదే పెరటి మెట్ల మీద ముడుచుకుని కూర్చుంది. ఎక్కడే నొప్పి అని పక్కన చేరాను.

నిటారుగా కూర్చుంది. జుట్టు సర్దుకుంది.

"పర్లేదండీ. మీకేది మంచిదనిపిస్తే అది చేయండి" అంది, నాతో.